సవరణ: మార్మన్ చర్చి అధ్యక్షుణ్ణి ఎన్నికలో ఎంచుకోరు

2025 సెప్టెంబరులో, అమెరికాలో పుట్టిన మత సంస్థ మార్మన్ చర్చికి అధ్యక్షుడైన రస్సెల్ నెల్సన్ 101 ఏళ్ల వయసులో చనిపోయినప్పుడు, "పోప్‌కి జరిగినట్టే పన్నెండుమంది అపొస్తలులు కూర్చుని ఓటేసి కొత్త అధ్యక్షుణ్ణి ఎన్నుకుంటారు" అని రాశాను (అపొస్తలులంటే ఈ చర్చిలో అధ్యక్షుడి తర్వాతి స్థాయి నాయకులు). అది తప్పు.

చర్చి ప్రచురించిన వివరాల ప్రకారం జరిగేది వేరు. అధ్యక్షుడు పోగానే ఆయన, ఇద్దరు సలహాదారులతో కూడిన ప్రథమ అధ్యక్షత్వం రద్దవుతుంది. పగ్గాలు అపొస్తలుల చేతికొస్తాయి. వాళ్లలో సీనియరే తర్వాతి అధ్యక్షుడు. మిగతావాళ్లు ఆమోదం తెలిపేది లాంఛనమే, పోటీ అంటూ ఉండదు. తర్వాత మహాసభలో సభ్యులు కుడిచెయ్యెత్తి మద్దతు చెప్తారు. నేను ఓటింగ్ అనుకున్నది బహుశా దీన్నే.

కామెంట్లలో కొందరు "వయసులో పెద్దాయనకే కదా" అన్నారు. అదీ కాదు. అపొస్తలుడిగా నియమితులైన తేదీనే చూస్తారు. నెల్సన్, డాలిన్ ఓక్స్ ఇద్దరి పేర్లూ 1984 ఏప్రిల్‌లో ఒకే రోజు ప్రకటించారు. ఓక్స్ అప్పుడు యూటా సుప్రీంకోర్టు జడ్జి, ఆ పని ముగించుకుని మే నెలలో చేరారు. ఆ కొద్ది వారాల తేడాతో నెల్సన్ సీనియర్ అయ్యారు. మరోవైపు, ఓక్స్ కంటే నాలుగేళ్లు పెద్దయిన రస్సెల్ బల్లార్డ్ 1985లో వచ్చారు కాబట్టి ఓక్స్ వెనకే ఉండిపోయారు. 2025 అక్టోబరులో అధ్యక్షుడైంది ఓక్సే.

ఇంకో చిన్న సంగతి: ఈ చర్చిలో బిషప్ అంటే స్థానిక సంఘాన్ని జీతం లేకుండా నడిపే మామూలు ఉద్యోగస్తుడో వ్యాపారో. క్యాథలిక్ బిషప్‌తో పోల్చిన వాక్యం తీసేశాను.