ఇంటి అప్పు గడువు ఎవరు పెంచారు?

2021లో ఇంటి అప్పు చవకగా దొరికింది. కొవిడ్ దెబ్బకు రిజర్వు బ్యాంకు 2020 మేలో రెపో రేటును (తాను బ్యాంకులకిచ్చే అప్పు మీద వడ్డీని) 4 శాతానికి దించడంతో, మరుసటి ఏడాది పండగ సీజనులో పెద్ద బ్యాంకులే 6.7 శాతానికి గృహరుణాలిచ్చాయి. అలా 50 లక్షలు 20 ఏళ్లకు తీసుకున్నవారికి పడిన వాయిదా నెలకు 37,870 రూపాయలు. 2022 మేలో కథ అడ్డం తిరిగింది. 2023 ఫిబ్రవరి కల్లా రెపో 6.5 శాతానికి ఎగబాకింది. రెపోతో ముడిపడిన ఆ 6.7 శాతం అప్పు కాస్తా 9.2 శాతమైంది. అయినా చాలామంది ఖాతాల్లో నెలనెలా కోత పడే మొత్తం పెద్దగా మారలేదు. వడ్డీ పెరిగినా వాయిదా పెరగలేదు కదా అని ఊపిరి పీల్చుకున్నారు. పెరిగింది గడువు.

ఎంత పెరిగిందో కాగితం మీద వేసి చూస్తే గుండె ఝల్లుమంటుంది. రెండేళ్లు వాయిదాలు సక్రమంగా కట్టాక మిగిలే అసలు 47.45 లక్షలు. దాని మీద 9.2 శాతం చొప్పున ఒక్క నెల వడ్డీయే 36,379 రూపాయలు. పాత వాయిదాలో అది పోగా అసలుకు జమ పడేది 1,491. ఆ వేగంతో కడుతూ పోతే మిగిలిన 18 ఏళ్ల బాకీ 35 ఏళ్లు దాటుతుంది. 35వ ఏట అప్పు తీసుకున్న ఉద్యోగి 72 ఏళ్లు వచ్చాక కూడా కడుతూనే ఉండాలి. వాయిదాను 45,030కి పెంచి ఉంటే గడువు ఒక్క నెల కూడా కదిలేది కాదు. నెలకు 7,160 రూపాయలు తప్పించుకున్న పాపానికి, వడ్డీ అక్కడే నిలిచిపోతే, మొత్తం మీద 60 లక్షలకు పైగా ఎక్కువ సమర్పించుకోవాలి.

ఆచరణలో ఇంత దూరం పోనివ్వరన్నది నిజమే. బ్యాంకులు మామూలుగా 30 ఏళ్ల గడువు దాటనివ్వవు, రిటైర్మెంటు వయసూ చూస్తాయి. గడువు కొంత, వాయిదా కొంత పెంచి సర్దుతాయి. పైగా 2025లో రెపో నాలుగు దఫాలుగా ఒకటింపావు శాతం తగ్గి 5.25కు వచ్చింది. ఆ మేరకు ఉపశమనమే. కానీ మా ప్రశ్న వేరు. పెంపు జరిగిన రోజున, వాయిదా పెంచాలా, ఏళ్లు పెంచాలా అని ఖాతాదారును ఎవరైనా అడిగారా?

మన ఊళ్లలో ప్రామిసరీ నోటుకు కాలపరిమితి మూడేళ్లు. అది దాటకముందే అప్పిచ్చినవాడూ తీసుకున్నవాడూ ఎదురెదురుగా కూర్చుని అసలెంత, వడ్డీ ఎంత, జమ ఎంత అని లెక్క చూసుకుని నోటు తిరగరాసుకుంటారు. వడ్డీ రూపాయా, రెండు రూపాయలా అన్నది ఇద్దరికీ తెలుసు. బాకీ ఎంతకు పెరిగిందో సంతకం పెట్టే చేతికి తెలుసు. ఆ లెక్కన 8.5 శాతానికి బ్యాంకు ఇచ్చే అప్పు మీద వడ్డీ నూటికి నెలకు 71 పైసలు. ఊరి వడ్డీతో పోలిస్తే కారుచౌక. కాకపోతే ఊళ్లో నోటు తిరగరాసేటప్పుడు జరిగే ఆ ముఖాముఖి ఇక్కడ జరగదు. 20 ఏళ్లు 28 ఏళ్లయిన సంగతి ఓ ఎస్సెమ్మెస్‌లోనో, ఎవరూ తెరవని ఈమెయిల్‌లోనో వచ్చి పోతుంది.

అసలు చిక్కు అప్పు తీసుకునే రోజునే మొదలవుతుంది. హైదరాబాదులోనైనా విజయవాడలోనైనా ఫ్లాటు కొనేవారు బ్యాంకు ఏజెంటును అడిగే మొదటి ప్రశ్న ‘లక్షకు ఎంత పడుతుంది?’ అనే. 8.5 శాతం, 20 ఏళ్లయితే లక్షకు 868 రూపాయలు. 30 ఏళ్లయితే 769. వందే తేడా కదా అనిపిస్తుంది. 50 లక్షల అప్పు మీద అది నెలకు 4,945 రూపాయల తేడా. ఆ వెసులుబాటుకు కట్టే ధర మాత్రం బ్రోచరులో కనబడదు. 20 ఏళ్లకు మొత్తం వడ్డీ 54.14 లక్షలు, 30 ఏళ్లకు 88.4 లక్షలు. అంటే 34 లక్షల పైచిలుకు అదనం. అదే 15 ఏళ్లకు కుదించుకోగలిగితే వడ్డీ 38.6 లక్షలతో సరిపోతుంది. వడ్డీ రేటులో పావు శాతం తగ్గింపు కోసం నాలుగు బ్యాంకుల చుట్టూ తిరిగే మనిషి, గడువు దగ్గరికొచ్చేసరికి ఏజెంటు టిక్కు పెట్టిన గడికి తలూపేస్తాడు.

20 ఏళ్ల అప్పులోనూ మొదటి సంవత్సరాల లెక్క చాలామందికి తెలియదు. మొదటి వాయిదా 43,391 రూపాయల్లో వడ్డీ 35,417, అసలు 7,974. అయిదేళ్లలో 26 లక్షలకు పైగా కట్టాక చూసుకుంటే అసలు తరిగింది 6 లక్షల లోపే. అసలు సగానికి దిగేది 14వ ఏడు ముగుస్తుండగా. ఇందులో బ్యాంకు మోసమేమీ లేదు; తగ్గుతున్న బాకీ మీద వడ్డీ కట్టే పద్ధతి ఎక్కడైనా ఇంతే. అయిదేళ్లకు ఉద్యోగం మారి ఇల్లు అమ్ముకోవాల్సి వచ్చిన మనిషికి ఈ సంగతి బాకీ పత్రం చేతికొచ్చాక తెలియడమే తప్పు.

వడ్డీకి బయట ఉండే ఖర్చుల్ని గబగబా చెప్పుకొని ముందుకు పోదాం. రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ ఇంటి రిజిస్ట్రేషనుకు అన్నీ కలిపి దాదాపు ఏడున్నర శాతం. నిర్మాణంలో ఉన్న ఫ్లాటుకు 5 శాతం జీఎస్టీ, నిర్ణీత పరిమితికి లోబడిన చిన్న ఇళ్లకైతే 1 శాతం. 30 లక్షలు దాటి 75 లక్షల వరకు అప్పులో ఇంటి విలువకు 80 శాతమే ఇస్తారు. ఆ విలువలో స్టాంపు డ్యూటీని కలపరు. చేతి డబ్బు చాలనివారు ఈ గండం గట్టెక్కడానికి వ్యక్తిగత రుణమో బంగారు రుణమో తీసుకుంటారు. ఇంటి అప్పు కన్నా ఎక్కువ వడ్డీకి తెచ్చిన ఈ రెండో అప్పు ఇంటి ఖర్చు లెక్కలోకి రానే రాదు.

వీటన్నిటి కన్నా మాకు అభ్యంతరకరంగా తోచేది బీమా తంతు. శాంక్షన్ ఖాయమయ్యే వేళ, రుణానికి రక్షణ పేరిట, ప్రీమియం అంతా ఒకేసారి కట్టే సింగిల్ ప్రీమియం పాలసీ ఒకటి కాగితాల్లో చేరుతుంది. ప్రీమియం లక్షన్నర అనుకుందాం. చేతి నుంచి ఇవ్వక్కర్లేదు, అప్పులోనే కలిపేస్తాం అంటారు. నెలకు 1,302 రూపాయలు పెరుగుతుంది, ఎవరూ పట్టించుకోరు. 20 ఏళ్లలో ఆ లక్షన్నర 3.12 లక్షలవుతుంది. ఇంటి పెద్దకు ఏమైనా అయితే కుటుంబం నెత్తిన అప్పు పడకూడదన్న ఆలోచన మంచిదే, బీమా ఉండి తీరాలనే మేమూ అంటాం. కానీ ఆ బీమా అప్పిచ్చిన సంస్థ చూపించిన కంపెనీ దగ్గరే కొనాలని ఏ నిబంధనా లేదు. ఏడాదికేడాది కట్టుకునే మామూలు టర్మ్ పాలసీతోనూ ఆ పని జరుగుతుంది. ఈ మాట కౌంటరు అవతలి నుంచి వినిపించదు.

అప్పు చేసి ఇల్లు కొనడమే పొరపాటని మేం చెప్పడం లేదు. ధరలు ఏటా 5 శాతం పెరిగితే, 20 ఏళ్ల తర్వాత కట్టే 43 వేలు ఇవాళ్టి 16 వేల పాటి. జీతం పెరిగే కొద్దీ వాయిదా తేలికవుతుంది, అద్దె కలిసొస్తుంది, తలదాచుకునేందుకు సొంత గూడు ఉంటుంది. కోటి రూపాయలు కట్టామని బావురుమనడంలో కొంత అతి ఉన్నమాటా నిజమే. అయితే అటువైపు వాదనలోనూ పాతబడిన లెక్కలున్నాయి. పన్ను కలిసొస్తుందన్న మాట అందులో మొదటిది. సొంతంగా ఉండే ఇంటికి వడ్డీ మినహాయింపు ఏడాదికి 2 లక్షలకే పరిమితం. 8.5 శాతానికి తీసుకున్న మన 50 లక్షల అప్పులో తొలి ఏడాది వడ్డీయే 4.21 లక్షలు. పైగా 2023-24 నుంచి, పాతది కావాలని కోరుకోకపోతే వర్తించేది కొత్త పన్ను విధానమే. అందులో ఈ మినహాయింపు లేదు. అయినా ‘ట్యాక్స్ సేవ్ అవుతుంది సార్’ అన్న పాట సేల్స్ ఆఫీసుల్లో ఇంకా ఆగలేదు.

నిబంధనలు లేక ఇలా జరుగుతోందా అంటే, కాదు. ఫ్లోటింగ్ రేటు రుణాలను, అంటే వడ్డీ మారుతూ ఉండే అప్పులను, రెపో వంటి బయటి ప్రమాణానికి ముడిపెట్టాలని 2019 అక్టోబరు నుంచి బ్యాంకులకు షరతు ఉంది. వాయిదా పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కలిపి కొంత కొంత పెంచాలా అన్న ఎంపిక రుణగ్రహీతకే ఇవ్వాలని 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు ఆదేశించింది. గడువు సాగదీత వల్ల వాయిదా వడ్డీకి కూడా చాలని స్థితి రాకూడదనీ, ఇంకా ఎన్ని వాయిదాలు మిగిలాయో మూడు నెలలకోసారి తెలపాలనీ అందులో ఉంది. 2024 అక్టోబరు నుంచి ప్రతి కొత్త రిటైల్ రుణానికీ కీలక వాస్తవాల పత్రం తప్పనిసరి. ఫీజులన్నీ కలుపుకొన్న వార్షిక రేటు, చివరి వాయిదా దాకా పట్టిక అందులో ఉండాలి. రుణగ్రహీతకు అర్థమయ్యే భాషలో ఉండాలి. చదువుకోవడానికి కనీసం మూడు పనిదినాల వ్యవధి ఇవ్వాలి.

డాలస్‌లోనో న్యూజెర్సీలోనో ఇల్లు కొనే మన తెలుగువారు సంతకానికి మూడు పనిదినాల ముందు అందుకునే అప్పు వివరాల పత్రం, క్లోజింగ్ డిస్‌క్లోజర్‌లోనూ ఇలాంటి ఏర్పాటే ఉంటుంది. గడువు ముగిసేసరికి మొత్తం ఎంత కడతారో, అప్పులో ఎన్నో వంతు వడ్డీగా పోతుందో 2015 నుంచి అందులో చూపుతున్నారు. అక్కడ ఎక్కువ అప్పులు 30 ఏళ్ల స్థిర వడ్డీవే కాబట్టి, ఆ అంకె దాదాపుగా నిలబడుతుంది. మన దగ్గర ఎక్కువగా నడిచేది ఫ్లోటింగ్ రేటు. తొలిరోజు పట్టిక మొదటి రెపో మార్పుతోనే చెత్తబుట్టకు పనికొస్తుంది. అందుకే మనకు కావలసిన జాగ్రత్త అమెరికా కన్నా ఎక్కువ. జరుగుతున్నది తిరకాసుగా ఉంది: స్థిర వడ్డీకి మారే వీలు కల్పించాలన్న 2023 నాటి నిబంధనను 2025 అక్టోబరు నుంచి బ్యాంకుల ఇష్టానికి వదిలేశారు. బయటి ప్రమాణానికి ముడిపెట్టే షరతు, బ్యాంకులు కాకుండా ఇంటి అప్పులిచ్చే గృహరుణ సంస్థలకు ఇప్పటికీ లేదు. వాటి దగ్గర అప్పు తీసుకున్నవారికి రెపో తగ్గిన ఫలం ఎప్పుడు, ఎంత అందాలో ఆ సంస్థల సొంత ప్రామాణిక రేటే తేలుస్తుంది. పాత ఖాతాదారు కొత్తవారి కన్నా ఎక్కువ వడ్డీ కడుతూ, అడిగి కన్వర్షన్ ఫీజు చెల్లిస్తే తప్ప తగ్గింపు అందని తీరూ ఇంకా నడుస్తోంది.

ఈలోగా బాకీదార్లు చేతిలో ఉన్న పనిని వాయిదా వేయకూడదు. ఫ్లోటింగ్ రేటు గృహరుణాన్ని ముందే తీర్చుకుంటే జరిమానా వేయరాదని రిజర్వు బ్యాంకు 2012లోనే బ్యాంకులను ఆదేశించింది. ఏడాదికి ఒక్క వాయిదా అదనంగా కడితే మన 20 ఏళ్ల అప్పు మూడేళ్లకు పైగా ముందే తీరుతుంది, 10 లక్షల పైచిలుకు వడ్డీ మిగులుతుంది. వడ్డీ తగ్గినప్పుడు వాయిదా తగ్గించమని అడగకుండా పాత మొత్తాన్నే కొనసాగించడం ఇంకా సులువైన దారి. 2021లో అప్పు తీసుకున్నవారు ముందుగా బ్యాంకుకు వెళ్లి, తమ ఖాతాలో ఇంకా ఎన్ని నెలలు మిగిలాయో రాతపూర్వకంగా తీసుకోవాలి.

బ్యాంకులకు, వాటిని నడిపించే రిజర్వు బ్యాంకుకు మేం చెప్పేది కొంచెమే. కీలక వాస్తవాల పత్రం రెండు రాష్ట్రాల్లోని ప్రతి శాఖలో తెలుగులో ఇవ్వాలి. అర్థమయ్యే భాష అన్న నిబంధనకు ఆంగ్ల పత్రం కింద ‘అర్థమైంది’ అని సంతకం పెట్టించుకోవడం సమాధానం కాదు. వడ్డీ మారిన ప్రతిసారీ రెండు అంకెలు పక్కపక్కన చూపాలి: వాయిదా పెంచితే మొత్తం ఎంత కట్టాలి, ఏళ్లు పెంచితే ఎంత కట్టాలి. గృహరుణ సంస్థలనూ బయటి ప్రమాణం కిందికి తేవాలి. ఖాతాదారు సమ్మతి నమోదు కాని చోట గడువు పెంపు చెల్లదని, ఆ అదనపు నెలల వడ్డీని అప్పిచ్చిన సంస్థే భరించాలని రిజర్వు బ్యాంకు తన ఉత్తర్వులో ఒక వాక్యం చేర్చాలి. 2022, 2023ల్లో సమ్మతి లేకుండా సాగదీసిన ఖాతాల తనిఖీ ఆ వాక్యంతోనే మొదలవ్వాలి.