సవరణ: పోలీసు రక్షణ ఉత్తర్వు సమ్మెపై తీర్పు కాదు

కార్మిక వివాదం నడుస్తున్న సంస్థకు హైకోర్టు పోలీసు రక్షణ ఇస్తే ఆ సమ్మె చట్టవిరుద్ధమని తేలిపోయినట్టేనని గత పోస్టులో రాశాను. అది తప్పు. తీర్పు చదవకుండా వార్తా శీర్షికను నమ్ముకోవడం నా పొరపాటు.

రాజ్యాంగం 226వ అధికరణ కింద వేసే ఇలాంటి రిట్ పిటిషన్లలో కోర్టు ప్రధానంగా చూసేది, గేటు దగ్గర రాకపోకలకు అడ్డంకి ఉందా, పనికి వచ్చేవారికి బెదిరింపులు ఎదురవుతున్నాయా, పోలీసులు తమ విధి నిర్వర్తిస్తున్నారా అన్నదే. సరుకు లారీని లోపలికి వెళ్లనివ్వమన్న ఉత్తర్వుకు, ఆ గేటుకు కాస్త దూరంలో టెంటు వేసుకుని శాంతియుతంగా నినాదాలు చేస్తున్నవారిని లేపేయమని అర్థం లేదు. వేతనాల డిమాండు న్యాయమైనదా కాదా అన్నది కార్మిక చట్టాల కింద ఏర్పడిన యంత్రాంగం తేల్చాల్సిన విషయం.

1926 నాటి ట్రేడ్ యూనియన్ల చట్టం యూనియన్ సభ్యులకు అన్ని క్రిమినల్ కేసుల నుంచీ రక్షణ ఇచ్చిందన్న వాక్యాన్నీ వెనక్కి తీసుకుంటున్నాను. 2025లో పారిశ్రామిక సంబంధాల కోడ్ అమల్లోకి వచ్చి రద్దయ్యే వరకు ఉన్న ఆ చట్టం 17వ సెక్షన్‌లోని మినహాయింపు నేరపూరిత కుట్ర అభియోగానికి మాత్రమే ఉండేది. నేరం చేయడానికే కుదిరిన ఒప్పందానికి అదీ వర్తించేది కాదు. ఘెరావ్‌లో, అంటే యాజమాన్యం వారిని చుట్టుముట్టి కదలనివ్వని నిరసనలో, పోలీసులు జోక్యం చేసుకోవాలంటే ముందుగా కార్మిక మంత్రికి నివేదించాలంటూ పశ్చిమ బెంగాల్ ప్రభుత్వం 1967లో ఇచ్చిన సర్క్యులర్లను కలకత్తా హైకోర్టు కొట్టివేసిన జే ఇంజినీరింగ్ వర్క్స్ తీర్పు కూడా, మనుషులను అక్రమంగా నిర్బంధించడానికి ఈ మినహాయింపు అండ కాదనే చెప్పింది. చట్ట పాఠం, ఆ తీర్పే ఈ సవరణకు ఆధారం. పాత పోస్టులో ఆ రెండు వాక్యాలనూ కొట్టివేసి ఉంచాను.