179 వేరు, 35(3) వేరు సామీ

కర్నూలు, కడప, అనంతపురం... ఏ ఊరి వాట్సాప్ గ్రూపు తెరిచినా ఇదే మెసేజీ. ‘పోలీసులు పిలిస్తే పోనక్కర్లేదు, మీ హక్కులు తెలుసుకోండి’ అంటూ ఐదు పాయింట్లు, కింద ‘పది మందికి పంపండి’. పంపే ముందు ఒక్కరన్నా చదివారా అని అనుమానం.

అందులో ఇంకా పాత సీఆర్‌పీసీ సెక్షన్లు 160 (సాక్షిని పిలిచేది), 41ఏ (నిందితుడికి నోటీసిచ్చేది) అనే రాశారు. 2024 జూలై 1 నుంచి అవి, సీఆర్‌పీసీ బదులు వచ్చిన కొత్త చట్టం బీఎన్‌ఎస్‌ఎస్‌లో 179, 35(3). నంబర్లే కదా, వదిలేద్దాం.

‘ఎఫ్‌ఐఆర్ లేనిదే పిలవకూడదు.’ 179 కింద దర్యాప్తు మొదలయ్యాకే పిలవాలి, నిజమే. కానీ మూడేళ్ల నుంచి ఏడేళ్లలోపు శిక్ష పడే నేరాల్లో డీఎస్పీ అనుమతితో 14 రోజుల ప్రాథమిక విచారణకు 173(3)లో వీలుంది. ఆ దశలోనే కాగితాలు తీసుకుపోయి మీ మాట చెప్పుకుంటే కేసే కట్టకపోవచ్చు. పోకుండా మొండికేస్తే నష్టం ఎవరికి?

‘ఆడవాళ్లు, 60 దాటినవాళ్లు స్టేషన్ గడప తొక్కక్కర్లేదు.’ సాక్షిగా పిలిస్తే అంతే. 15 ఏళ్లలోపు పిల్లలు, వికలాంగులు, తీవ్రంగా జబ్బుపడ్డవాళ్లకూ అంతే. అడగాల్సింది వాళ్లుండే చోటికే వచ్చి అడగాలి. ఇంకో హద్దు కూడా ఉంది, మెసేజీలో అది లేదు: సాక్షి ఆ స్టేషన్ పరిధిలోనో, ఆనుకుని ఉన్న స్టేషన్ పరిధిలోనో ఉండాలి. కడప చిన్నచౌక్ ఎస్సై గుత్తిలో ఉన్న సాక్షిని 179 కింద రమ్మనలేడు. నిందితుడికిచ్చే 35(3)లో మాత్రం ఈ మినహాయింపులేవీ రాసి లేవు. నిందితురాలు మహిళైతే సుప్రీంకోర్టు 1978లో ఇచ్చిన నందినీ శత్పథి తీర్పు చూపించి ఇంటి దగ్గరే విచారించమని రాసివ్వొచ్చు. రాసివ్వాలి, ఊరకుండిపోకూడదు.

ఇక అసలు విషం నాలుగో పాయింటు: ‘నోటీసిచ్చినా చించి పారేయండి, కోర్టు వారెంటు లేనిదే తాకలేరు.’

అబ్బో! చించండి, చించి చూడండి. 35(3) నోటీసంటే ‘ఇప్పటికి నిన్ను అరెస్టు చేయడం లేదు, వచ్చి మాట్లాడు’ అని. చెప్పినట్టు హాజరవుతున్నంత కాలం, కారణాలు రాసిపెట్టకుండా అరెస్టు చేయకూడదని 35(5) చెబుతుంది. పోకపోతే 35(6) కింద వారెంటు లేకుండానే పట్టుకుపోవచ్చు. అంటే మిమ్మల్ని కాపాడే కాగితాన్నే ఈ మహానుభావుడు చించమంటున్నాడు. బెయిలు ఖర్చు కూడా ఆయనే పెట్టుకుంటాడేమో అడగండి. సాక్షి నోటీసు లెక్క వేరు. దాన్ని ఎగ్గొడితే, ఐపీసీ బదులు వచ్చిన శిక్షల చట్టం బీఎన్‌ఎస్ 208 కింద నెల దాకా జైలో, 5,000 దాకా జరిమానానో, రెండూనో. అయినా దానికి పోలీసులు తమంతట అరెస్టు చేయలేరు, కోర్టుకు రాతపూర్వకంగా ఫిర్యాదు చేయాలి. రెండు నోటీసుల్నీ కలిపి వండితే ఇలాంటి మెసేజీ తయారవుతుంది.

కాబట్టి నోటీసు చేతికి రాగానే సెక్షన్ చూడండి. ఎఫ్‌ఐఆర్ నంబరు, తేదీ, చోటు, అధికారి సంతకం ఉన్నాయా చూసుకుని, అందిన తేదీ, టైము వేసి సంతకం పెట్టండి. ఆ రోజు కుదరకపోతే ముందుగానే కారణం, కుదిరే తేదీ రాసి స్టేషన్‌లో ఇచ్చి నకలు మీద ముద్ర వేయించుకోండి. వాళ్లు ముద్ర వేయబోమంటే రిజిస్టర్డ్ పోస్టులో పంపండి, రసీదు దాచుకోండి. హాజరైన రోజు కూడా వచ్చినట్టు రాయించుకోవాలి, లేకుంటే రేపు ‘రాలేదు’ అని రాసేయొచ్చు.

‘ఏ ప్రశ్నకూ జవాబివ్వక్కర్లేదు.’ తప్పు. మిమ్మల్ని నేరంలో ఇరికించే ప్రశ్నలకే ఆ హక్కు. మిగతావాటికి నిజం చెప్పాలి. అయితే వాళ్లు రాసుకున్న వాంగ్మూలం కింద సంతకం చేయనక్కర్లేదు, బీఎన్‌ఎస్‌ఎస్ 181 వద్దంటోంది. తెల్లకాగితం మీద అసలే వద్దు.

మొదటి పాయింటు, ‘ఫోన్లో, వాట్సాప్‌లో పిలిస్తే చెల్లదు’ అన్నది మాత్రం పక్కా. 179 రాతపూర్వక ఉత్తర్వు అడుగుతుంది. 35(3) నోటీసు వాట్సాప్‌లో పంపొద్దని 2025 జనవరిలో సుప్రీంకోర్టు చెప్పింది, మార్చమని హర్యానా అడిగితే జూలైలో ఒప్పుకోలేదు. వీడియో కాల్‌లో ఖాకీ చొక్కా వేసుకుని ‘డిజిటల్ అరెస్ట్’ అనేవాడికీ ఇదే వర్తిస్తుంది: కాల్ కట్ చేసి సైబర్ నేరాల హెల్ప్‌లైన్ 1930కి చెప్పండి. ఈ ఒక్క పాయింటు ఉంచి మిగతా నాలుగూ తీసేస్తే నేనే ఫార్వర్డ్ చేస్తా.