విండోలో ఆడితే ఎఫ్‌పీఎస్ సగం పోతుందా? ఆ ఫార్వర్డ్‌కి ముక్కముక్కకీ జవాబు

గుంటూరు, విజయవాడ కుర్రాళ్ల గేమింగ్ గ్రూపుల్లో ఒక మెసేజ్ తెగ తిరుగుతోంది. పైన నాలుగు మంటల బొమ్మలు, కింద ప్రతి గేమర్‌కీ పంపాలన్న హుకుం. అందులో ఉన్నది ఇంతే: పీసీలో ఏ ఆటైనా ఫుల్‌స్క్రీన్‌లోనే ఆడాలట. విండోడ్ గానీ బోర్డర్‌లెస్ గానీ పెట్టుకుంటే ఎఫ్‌పీఎస్ (సెకనుకి గీసే ఫ్రేమ్‌లు, అంటే బొమ్మలు) సగం అయిపోతుందట, మౌస్ కదిపాక తెర మీద బొమ్మ ఆలస్యంగా కదులుతుందట, జీసింక్, ఫ్రీసింక్ (కార్డు గీసే వేగానికి తగ్గట్టు తెర వేగాన్ని మార్చే పద్ధతులు) పనిచేయవట, గ్రాఫిక్స్ కార్డు వేడెక్కి తొందరగా పోతుందట, ప్రొఫెషనల్ ఆటగాళ్లు అందుకే విండో జోలికి పోరట. కాబట్టి ప్రతి గేమ్ ఫైలు మీదా రైట్‌క్లిక్ కొట్టి, "డిజేబుల్ ఫుల్‌స్క్రీన్ ఆప్టిమైజేషన్స్" అన్నచోట టిక్ పెట్టేయమని సలహా.

విండోస్ 7 రోజుల్లో ఎవరైనా ఈ మాట చెబితే నేనూ తలూపేవాణ్ణి. ఆ కాలానికి పనికొచ్చిన మాటని తీసుకొచ్చి ఇప్పటి విండోస్ 11 మీద రుద్దుతున్నారు. కొత్త సిస్టమ్ అసెంబుల్ చేయించుకుని ఇంటికి తెచ్చుకున్న పిల్లలు ఈ మెసేజ్ చూసి ఉన్న సెట్టింగ్స్ పాడుచేసుకుంటున్నారు.

మూడు మోడ్‌ల సంగతి ముందు చెప్పుకుందాం. ఎక్స్‌క్లూజివ్ ఫుల్‌స్క్రీన్‌లో తెర మొత్తం ఆట చేతిలోకి వెళ్లిపోతుంది, రిజల్యూషనూ (తెర మీద ఎన్ని చుక్కలు గీయాలో), రిఫ్రెష్ రేటూ (సెకనుకి తెర ఎన్నిసార్లు బొమ్మ మార్చాలో, దీన్ని హెర్ట్జ్‌లో చెబుతారు) అదే మార్చేస్తుంది. విండోడ్ అంటే పైన పట్టీ, మూలన ఇంటూ గుర్తు ఉన్న మామూలు విండో. అదే విండోకి అంచులు తీసేసి తెర నిండా పరిస్తే బోర్డర్‌లెస్. ఫార్వర్డ్ రాసినాయన చివరి రెంటినీ ఒకే గాటన కట్టేశాడు. సగం తప్పులు అక్కడే పుట్టాయి.

ఎఫ్‌పీఎస్ సగం పోతుందన్న మాటనే జనం ఎక్కువగా నమ్ముతున్నారు. కళ్లారా చూశామంటారు కూడా. చూసే ఉంటారు, కాదనను. మా పిన్ని కొడుకు బ్రాడీపేటలో రూమ్ తీసుకుని చదువుకుంటున్నాడు. "నువ్వే చూడన్నయ్యా, బోర్డర్‌లెస్ పెట్టగానే చచ్చిపోతోంది" అని లాప్‌టాప్ తెచ్చి నా ముందు పెట్టాడు. వాడు చెప్పినట్టే మూలన ఉన్న అంకె సగానికి దగ్గరగా దిగింది. ఆట సెట్టింగ్స్ తెరిస్తే, ఫుల్‌స్క్రీన్‌లో రిజల్యూషన్ 1280×720 అని ఉంది. బోర్డర్‌లెస్‌కి మార్చగానే ఆ గడి మసకబారి, దానంతటదే 1920×1080 అయి కూర్చుంది.

అసలు దొంగ అదే. 720లో ఒక్కో ఫ్రేమ్‌కి 9,21,600 పిక్సెళ్లు గీయాలి. 1080లో 20,73,600. అంటే రెండుంపావు రెట్ల పని. చాలా ఆటలు బోర్డర్‌లెస్‌లో డెస్క్‌టాప్ రిజల్యూషన్‌నే పట్టుకుంటాయి, మనల్ని మార్చనివ్వవు. పని రెట్టింపు దాటాక అంకె పడిపోక ఏం చేస్తుంది? ఫుల్‌స్క్రీన్‌లో కూడా 1080 పెట్టి చూడరా అన్నాను. పెట్టాడు. రెండు మోడ్‌లకీ చెప్పుకోదగ్గ తేడా లేదు. కార్డుకి అంత బలం లేదు, 720లోనే ఆడాలి అనుకుంటే బోర్డర్‌లెస్‌లో కూడా దారి ఉంది. ఆటలో రెండర్ స్కేల్ అని ఉంటుంది, దాన్ని 67 శాతం దగ్గరికి దించితే చాలా ఆటల్లో దాదాపు అదే 720 అవుతుంది. ఎఫ్‌ఎస్‌ఆర్, డీఎల్‌ఎస్‌ఎస్ (చిన్నగా గీసి తెలివిగా పెద్దది చేసే పద్ధతులు) ఉన్న ఆటల్లో అవి ఇంకా నయం, బొమ్మ అంత అలుక్కుపోదు.

ఇంకో కారణం ఉంది. 144 హెర్ట్జ్ మానిటర్ కొని డెస్క్‌టాప్‌ని 60 హెర్ట్జ్ మీదే వదిలేసినవాళ్లు చాలామంది. మానిటర్ తగిలించగానే విండోస్ అన్నిసార్లూ పై రేటు ఎంచుకోదు. ఎక్స్‌క్లూజివ్ ఫుల్‌స్క్రీన్‌లో అయితే ఆట తనకి కావలసిన 144ని తనే పెట్టుకోగలదు. బోర్డర్‌లెస్‌లో డెస్క్‌టాప్‌కి ఏముంటే అదే గతి. పైగా వీసింక్ (ఫ్రేమ్‌లని తెర రిఫ్రెష్ రేటుకి కట్టేసే సెట్టింగ్) ఆన్‌లో ఉంటే అంకె సరిగ్గా 60 దగ్గర ఆగిపోతుంది. 144 కాస్తా 60 అయ్యేసరికి "సగం కూడా లేదు మావా" అని గ్రూపులో పెడతారు. డిస్‌ప్లే సెట్టింగ్స్‌లో అడ్వాన్స్‌డ్ డిస్‌ప్లేలోకి వెళ్లి రేటు మార్చుకుంటే అయిపోయే పని. ఆడలేక మద్దెల ఓడన్నట్టు, దీనికి బోర్డర్‌లెస్‌ని తిడితే ఎలా?

దీనికి తిరగేసిన మెసేజ్ కూడా ఒకటి చూశాను, విండోలో ఆడితే ఎఫ్‌పీఎస్ పెరుగుతుందని. చిన్న విండో పెడితే పిక్సెళ్లు తగ్గి అంకె పెరుగుతుంది. అందులో విండో గొప్పేమీ లేదు.

వెనకాల డెస్క్‌టాప్‌ని కూడా గీయాల్సి వస్తుంది కాబట్టే ఎఫ్‌పీఎస్ తగ్గుతుందని ఫార్వర్డ్‌లో ఒక వివరణ ఉంది. విండోస్ ఏదైనా మారితేనే మళ్లీ గీస్తుంది, కదలకుండా పడున్న వాల్‌పేపర్‌ని సెకనుకి అరవైసార్లు గీస్తూ కూర్చోదు. వెనక తెరిచి ఉన్న ఇరవై క్రోమ్ ట్యాబ్‌లు ర్యామ్ తినడం మాత్రం నిజం. ఫుల్‌స్క్రీన్ పెట్టినంత మాత్రాన అవి మూతపడతాయా ఏంటి?

ఇక ఆలస్యం సంగతి. ఫార్వర్డ్ మొత్తంలో కాస్త పస ఉన్న ముక్క ఇదొక్కటే, అందుకని దీన్ని కొంచెం తీరిగ్గా చూడాలి.

విండోస్ విస్టా నుంచి డెస్క్‌టాప్ విండో మేనేజర్ అని ఒకటి వచ్చింది. అన్ని ప్రోగ్రాముల బొమ్మల్నీ తీసుకుని, ఒకదాని మీద ఒకటి పేర్చి, చివరి బొమ్మని తెరకి పంపడం దాని పని. విండోస్ 7లో దీన్ని ఆపేసుకునే వీలుండేది. 2012లో విండోస్ 8 వచ్చాక ఆ వీలు పోయింది. పాత పద్ధతిలో, విండోలో నడిచే ఆట గీసిన ప్రతి ఫ్రేమ్‌నీ ఈ మేనేజర్ కోసం మరోచోటికి కాపీ చేయాలి. రఫ్ నోట్సులో చేసిన లెక్కని ఫెయిర్ నోట్సులోకి ఎక్కించాక గానీ మాస్టారికి చూపించకూడదన్నట్టు. ఎక్కించేలోపు ఒక రిఫ్రెష్ దాటిపోతుంది. 60 హెర్ట్జ్ తెర మీద అది దాదాపు 16.7 మిల్లీసెకన్లు, 144 మీద 7 లోపు. షూటింగ్ ఆటల్లో చెయ్యి తిరిగినవాళ్లకి 60 మీద ఆ తేడా తెలుస్తుంది. విండోస్ 7 కాలంలో అన్నలు చెప్పిన మాట అబద్ధం కాదు.

మరి ఇప్పుడు? విండోస్ 8తో ఫ్లిప్ మోడల్ అనే పద్ధతి వచ్చింది, విండోస్ 10లో అది బాగా కుదురుకుంది. ఇందులో కాపీ లేదు, రఫ్ నోట్సునే మాస్టారి చేతిలో పెట్టేస్తారు. అంతకంటే ముఖ్యమైనది ఇంకోటి. బోర్డర్‌లెస్ ఆట తెర మొత్తం కప్పేసి, దానిమీద వేరే విండో ఏదీ లేకపోతే, మేనేజర్ పూర్తిగా పక్కకి తప్పుకుంటుంది. ఆట ఫ్రేమ్ నేరుగా తెరకి వెళుతుంది. దీన్నే ఇండిపెండెంట్ ఫ్లిప్ అంటారు. అలా వెళ్లే ఫ్రేమ్‌కి ఎక్స్‌క్లూజివ్ ఫుల్‌స్క్రీన్‌తో పోలిస్తే అదనంగా పట్టే టైమంటూ ఏమీ ఉండదు. డైరెక్ట్‌ఎక్స్ అంటే ఆటలు గ్రాఫిక్స్ కార్డుతో మాట్లాడే మైక్రోసాఫ్ట్ పద్ధతి. డైరెక్ట్‌ఎక్స్ 12 ఆటలకైతే పాత కాపీ పద్ధతి అసలు లేనే లేదు, ఫ్లిప్ ఒక్కటే. డైరెక్ట్‌ఎక్స్ 10, 11 ఆటల్లో కొన్ని ఇంకా పాత పద్ధతి పట్టుకుని వేలాడుతుంటే, 2022లో వచ్చిన విండోస్ 11 22హెచ్2 అప్‌డేట్‌లో వాటికీ ఒక స్విచ్ ఇచ్చారు. సెట్టింగ్స్‌లో సిస్టమ్, డిస్‌ప్లే, గ్రాఫిక్స్ దాకా వెళితే "ఆప్టిమైజేషన్స్ ఫర్ విండోడ్ గేమ్స్" అని కనిపిస్తుంది. ఆన్ చేసి ఆటని మూసి మళ్లీ తెరవాలి.

నా మాట నమ్మక్కర్లేదు. ఇంటెల్ వాళ్ల ప్రెజెంట్‌మాన్ అనే ఉచిత టూల్ ఉంది, ఫ్రేమ్ ఏ దారిన తెరకి చేరుతోందో అది పేరు పెట్టి చెబుతుంది. బ్రాడీపేట లాప్‌టాప్‌లో ఒక డైరెక్ట్‌ఎక్స్ 11 ఆట మీద వేసి చూశాం. ముందు "కంపోజ్డ్: కాపీ విత్ జీపీయూ జీడీఐ" అని వచ్చింది, అంటే పాత కాపీ దారి. ఆ స్విచ్ ఆన్ చేసి ఆటని మళ్లీ తెరిచాక అదే గడిలో "హార్డ్‌వేర్: ఇండిపెండెంట్ ఫ్లిప్" అని మారింది. పేరు ముందు కంపోజ్డ్ అని ఉంటే మేనేజర్ మధ్యలో ఉన్నట్టు, ఇండిపెండెంట్ ఫ్లిప్ అని ఉంటే లేనట్టు. ఇంకెవరినీ అడగాల్సిన పని లేదు.

అన్ని ఆటలకీ ఇదే వర్తిస్తుందా అంటే, వర్తించదు. డైరెక్ట్‌ఎక్స్ 9 ఆటల్ని ఆ స్విచ్ ముట్టుకోదు. డైరెక్ట్‌ఎక్స్‌కి బదులు ఓపెన్‌జీఎల్ అనే వేరే పద్ధతి వాడే కౌంటర్‌స్ట్రైక్ 1.6 లాంటి ఆటలకీ అంతే. అవి ఆడేటప్పుడు హాయిగా ఫుల్‌స్క్రీన్ పెట్టుకోండి. అలాగే చిన్న విండోలో ఆట నడుపుతూ పక్కన ఇంకేదో తెరుచుకుంటే మేనేజర్ మధ్యలోకి రావచ్చు, కొంత ఆలస్యం ఉండొచ్చు. వ్యవసాయం ఆటలు, క్రికెట్ ఆటలు ఆడేవాళ్లకి అదో లెక్క కాదు.

లాప్‌టాప్ వాళ్లకి ఒక మాట. చాలా గేమింగ్ లాప్‌టాప్‌లలో తెర వైరు ప్రాసెసర్‌లోని చిన్న గ్రాఫిక్స్‌కి కలిసి ఉంటుంది. పెద్ద కార్డు గీసిన ఫ్రేమ్ దాని గుండానే పోవాలి. ఫుల్‌స్క్రీన్ అయినా, బోర్డర్‌లెస్ అయినా ఆ చుట్టు తప్పదు. లాప్‌టాప్‌లో మక్స్ స్విచ్ (తెరని నేరుగా పెద్ద కార్డుకి కలిపేది) ఉంటే దాంతో తప్పించుకోవచ్చు.

జీసింక్ విండోలో పనిచేయదన్న మాటకి కాలం చెల్లి చాలా ఏళ్లయింది. 2013లో ప్రకటించినప్పుడు అది ఫుల్‌స్క్రీన్‌కే పరిమితం. 2015లోనే విండో ఆటలకీ ఇచ్చారు. కాకపోతే ఎన్‌విడియా కంట్రోల్ ప్యానెల్‌లో రెండు ఆప్షన్లు ఉంటాయి, ఫుల్‌స్క్రీన్‌కి మాత్రమే అన్నది ఒకటి, విండోడ్‌కీ ఫుల్‌స్క్రీన్‌కీ రెంటికీ అన్నది ఇంకోటి. మొదటిది ఎంచుకుని ఉంచి పనిచేయట్లేదంటే అది మరి మనదే తప్పు. ఫ్రీసింక్ కూడా బోర్డర్‌లెస్‌లో నడుస్తుంది.

కార్డు వేడెక్కడం. మే నెలలో బెజవాడలో ఏది వేడెక్కదు! గదిలోనే 40 డిగ్రీలుంటే ఫ్యాన్ లోపలికి లాక్కునేదీ ఆ గాలే. కార్డు వేడి ఎన్ని పిక్సెళ్లు, సెకనుకి ఎన్ని ఫ్రేమ్‌లు అన్నదాన్ని బట్టి ఉంటుంది. 60 హెర్ట్జ్ తెర పెట్టుకుని 300 ఫ్రేమ్‌లు గీయిస్తే ఏ మోడ్‌లోనైనా కుంపటే. డ్రైవర్‌లో మ్యాక్స్ ఫ్రేమ్ రేట్ పెట్టి కట్టేయండి.

అయితే ఇక్కడ ఫార్వర్డ్ చెప్పని ఒక తేడా ఉంది. ఎక్స్‌క్లూజివ్ ఫుల్‌స్క్రీన్‌లో వేరే విండోకి మారడానికి ఆల్ట్-ట్యాబ్ కొడితే ఆట కిందికి దిగిపోతుంది, చాలా ఆటల్లో కార్డుకి కాస్త ఊపిరి దొరుకుతుంది. బోర్డర్‌లెస్‌లో ఐపీఎల్ స్కోరు చూడ్డానికి బ్రౌజర్‌లోకి వెళ్లినా వెనకాల ఆట పూర్తి వేగంతో గీస్తూనే ఉండొచ్చు. అరగంట అలా వదిలేస్తే అరగంట కరెంటు దండగ, వేడి అదనం. ఎన్‌విడియా ప్యానెల్‌లో "బ్యాక్‌గ్రౌండ్ అప్లికేషన్ మ్యాక్స్ ఫ్రేమ్ రేట్" అని ఉంది, దాన్ని 20కో 30కో దించితే సరి. కొన్ని ఆటల్లో ఈ సెట్టింగ్ ఆటలోనే ఉంటుంది.

మరోవైపు, ఎక్స్‌క్లూజివ్‌లో ఆల్ట్-ట్యాబ్‌కి మూల్యం వేరే ఉంది. డైరెక్ట్‌ఎక్స్ 9 కాలపు ఆటలు తెర చేజారగానే కార్డు మెమరీలో పెట్టుకున్న సరుకు పోగొట్టుకుంటాయి. తిరిగొచ్చాక అంతా మళ్లీ నింపుకోవాలి. నల్లతెర, నిమిషం ఆగడం, ఒక్కోసారి ఆట మొత్తం కుప్పకూలడం అందుకే. సేవ్ చేయకుండా అమ్మ ఫోన్ వచ్చిందని ఆల్ట్-ట్యాబ్ కొట్టినవాణ్ణి అడగండి, చెబుతాడు.

ప్రొఫెషనల్స్ ముచ్చట. కౌంటర్‌స్ట్రైక్ ఆడేవాళ్లలో చాలామంది 1280×960 లాంటి 4:3 రిజల్యూషన్ పెట్టి, దాన్ని వెడల్పు తెర నిండా సాగదీసుకుంటారు. మనిషి బొమ్మ లావుగా కనిపిస్తుందని. అలా సాగదీయాలంటే ఎక్స్‌క్లూజివ్ ఫుల్‌స్క్రీన్ సులువైన దారి, బోర్డర్‌లెస్ డెస్క్‌టాప్ రిజల్యూషన్‌కి కట్టుబడి ఉంటుంది కాబట్టి. పైగా టోర్నమెంట్ మెషీన్లో పక్కన వాట్సాప్ తెరవాల్సిన అవసరం వాళ్లకి లేదు. మన అవసరాలు వేరు.

ఇక ఆ టిక్. 2017 నుంచి విండోస్ 10లో ఫుల్‌స్క్రీన్ ఆప్టిమైజేషన్స్ ఉన్నాయి. ఆట ఫుల్‌స్క్రీన్ అడిగినా, విండోస్ దాన్ని లోపల ఫ్లిప్ మోడల్‌తో నడిపే బోర్డర్‌లెస్‌లా చూసుకుంటుంది. అంటే ఈ ఫార్వర్డ్ పంపినవాళ్లలో చాలామంది ఫుల్‌స్క్రీన్ అనుకుని ఇన్నేళ్లుగా ఆడుతున్నది బోర్డర్‌లెస్‌కి తోబుట్టువునే! వాళ్లకి ఏ ఆలస్యమూ తెలియలేదు మరి. టిక్ పెడితే ఆల్ట్-ట్యాబ్ వేగం పోతుంది, ఆట మీద విండోస్ వాళ్ల గేమ్ బార్ పట్టీ తేలడం పోతుంది, బదులుగా వచ్చేది చాలా ఆటల్లో ఏమీ ఉండదు. ఏదైనా పాత ఆట ఫుల్‌స్క్రీన్‌లో తడబడుతుంటేనో, ఫ్రేమ్‌లు ఒక్క తీరున రాకపోతేనో, ఆ ఒక్క ఆటకే టిక్ పెట్టి ప్రెజెంట్‌మాన్‌తో ముందూ వెనకా చూసుకోండి. మెసేజ్ చూసి అన్నిటికీ పెట్టేసినవాళ్లు ఫైలు మీద రైట్‌క్లిక్ కొట్టి, ప్రాపర్టీస్‌లో కంపాటిబిలిటీ ట్యాబ్‌కి వెళ్లి, ఒక్కొక్కటీ తీసేయండి. పిన్ని కొడుకు లాప్‌టాప్‌లో అయితే క్రోమ్‌కి కూడా పెట్టి ఉంది.