అరుగుదల కూడా ఆదాయమే

పరిశ్రమ పెట్టాలంటే భూమి కావాలి, నీళ్ళు కావాలి, కరెంటు కావాలి, భూమి పోగొట్టుకున్న ఇంటికి ఒక ఉద్యోగం ఇస్తామని కాగితం రాసివ్వాలి అనే పాతకాలపు భ్రమ మన దగ్గర ఇంకా పోలేదు. విశాఖలోనో హైదరాబాద్‌లోనో సదస్సు పెట్టి, శాలువాలు కప్పి, లక్షల కోట్లకు ఒప్పందాలు రాయించుకుని, ఆ తరవాత ఫ్యాక్టరీ ఎప్పుడొస్తుందా అని ఎదురుచూస్తూ కూర్చుంటాం. ఈ ఎదురుచూపులు అనవసరమని యూరప్‌లో ఒక చిన్న దేశం ఏనాడో తేల్చేసింది.

2016 జూలై 12న ఐర్లండ్ కేంద్ర గణాంక కార్యాలయం లెక్కలు విడుదల చేసింది. 2015లో దేశ జీడీపీ 26.3 శాతం పెరిగిందట. అంతకు ముందు అదే కార్యాలయం వేసిన అంచనా 7.8 శాతం. పరిశ్రమల రంగాన్ని విడిగా చూస్తే పెరుగుదల 87.3 శాతం. పంచవర్ష ప్రణాళికలు వేసుకుని, ఉక్కు మరిగించి, జనాన్ని చెమటోడ్పించిన దేశాలు తలదించుకోవాల్సిన అంకె ఇది. పైగా ఇంత పారిశ్రామిక విప్లవం జరిగిపోతుంటే పక్కింటివాడికి కూడా నిద్రాభంగం కాలేదు. కొత్త గొట్టం లేవలేదు, కొత్త సైరన్ మోగలేదు. ఉద్యోగాలు పెరిగింది మూడు శాతం లోపే. పర్యావరణవాదులకు కూడా వంక పెట్టడానికి వీల్లేని పరిశ్రమ.

అమెరికా ఆర్థికవేత్త పాల్ క్రుగ్మన్ దీన్ని లెప్రికాన్ ఆర్థికశాస్త్రం అని ఎగతాళి చేశాడు. ఇది లెప్రికాన్‌కి జరిగిన అన్యాయం. కుండలో బంగారం దాచుకునే పొట్టి మాయగాడని అందరూ అనుకుంటారు గానీ, ఐరిష్ జానపద కథల ప్రకారం అతగాడి కులవృత్తి చెప్పులు కుట్టడం. అంటే అతను నిజంగా ఓ వస్తువు తయారు చేస్తాడు.

ఇప్పుడు తయారీ విధానం చెబుతాను. ప్రణాళికా శాఖలవారు రాసుకోవచ్చు.

ముందుగా డబ్లిన్‌లోనో కార్క్‌లోనో ఒక కంపెనీ ఉండాలి. దాన్ని పన్నుల లెక్కలో ఐర్లండ్ నివాసిగా చేయాలి. కంపెనీకి ఆస్తి కావాలి కదా, అందుకని పేటెంట్లు, సాఫ్ట్‌వేర్ హక్కులు, డిజైన్లు అన్నీ అదే గ్రూపులోని మరో కంపెనీ నుంచి కొనాలి. ధర పదుల బిలియన్లలో ఉంటుంది, కంగారు పడొద్దు. కొనడానికి అప్పు కూడా ఆ గ్రూపే ఇస్తుంది. అమ్మినవాడూ కొన్నవాడూ అప్పిచ్చినవాడూ ఒకే ఇంటివాళ్ళు. 2015లో ఐర్లండ్ మూలధన నిల్వ, అంటే దేశంలోని యంత్రాలు, కట్టడాలు, ఇలాంటి హక్కుల మొత్తం విలువ, దాదాపు 300 బిలియన్ యూరోల మేర ఎగబాకింది. అంత సామగ్రి దిగినా ఏ రేవులోనూ ఒక్క క్రేన్ కదల్లేదు.

ఇక పన్ను. 2003 నుంచి అక్కడ వ్యాపార లాభం మీద పన్ను 12.5 శాతం. అదీ భారమనుకునేవాళ్ళకి ఇంకో వెసులుబాటు ఉంది: కొన్న హక్కుల ఖరీదుని ఏటా కొంత చొప్పున లాభంలోంచి తీసేసుకోవచ్చు. ఆ హక్కుల మీద వచ్చే ఆదాయంలో 80 శాతం దాకానే ఇలా తీసుకోవాలని మొదట్లో కట్టడి ఉండేది. సరిగ్గా 2015కి ఆ కట్టడి ఎత్తేశారు, నూటికి నూరూ తీసుకోనిచ్చారు. 2017 అక్టోబర్ తరవాత కొన్నవాటికి మళ్ళీ 80 పెట్టారు. ఆ మధ్యలో వచ్చినవాళ్ళు వచ్చేశారు.

ఆఖరి మెట్టు, సరుకు. దీనికోసం చైనాలో ఒక ఫ్యాక్టరీతో ఒప్పందం చేసుకోవాలి. విడిభాగాలు మావి, డిజైన్ మాది, బిగించే కూలి మీది, బిగించాక సరుకు మళ్ళీ మాదే. లెక్క సులువుగా ఉండడానికి ఫోన్ ధర 800 యూరోలు అనుకుందాం. భాగాలు 350, కూలి 15. మిగిలిన 435లో రవాణా, ప్రచారం పోగా ఉన్నదంతా ఐర్లండ్ గడ్డ మీద జరిగిన పారిశ్రామిక ఉత్పత్తి. ఫోన్ చైనాలో ఓడెక్కి లాస్ ఏంజిలిస్‌లో దిగుతుంది. ఐర్లండ్ అనే దేశం ఎటువైపు ఉందో దానికి తెలియదు. అయినా అది ఐర్లండ్ ఎగుమతే. ఎందుకంటే ఐర్లండ్ 2014 నుంచి అమలు చేస్తున్న అంతర్జాతీయ ఖాతాల నిబంధనల్లో సరుకు సరిహద్దు దాటిందా లేదా అన్నది ముఖ్యం కాదు, యాజమాన్యం ఎవరి చేతి నుంచి ఎవరి చేతికి మారిందన్నదే లెక్క. అందుకే కస్టమ్స్‌వాళ్ళ పద్దులో ఉన్న ఎగుమతికీ, జాతీయ ఖాతాల్లో ఉన్న ఎగుమతికీ మధ్య పదుల బిలియన్ల తేడా. ఇద్దరూ నిజమే చెబుతున్నారు.

ఇందులో అసలు కిటుకు ఒక్క అక్షరంలో ఉంది. జీడీపీలో మొదటి అక్షరానికి అర్థం స్థూలం. అంటే యంత్రాలు ఏటా అరిగిపోయిన విలువని దాంట్లోంచి తీసేయరు. మామూలు దేశాల్లో మగ్గాలూ లారీలూ అరుగుతాయి, ఆ మొత్తం పెద్దది కాదు, ఎవరూ పట్టించుకోరు. ఇక్కడ 300 బిలియన్ల కాగితాలు అరుగుతున్నాయి! తుప్పు పట్టని, గ్రీజు అడగని పేటెంట్ ఏటా పుస్తకాల్లో అరుగుతుంది, ఆ అరుగుదల అంతా జీడీపీలో కూర్చుంటుంది. దేశం సంపాదించినట్టు కనిపించేదాంట్లో పెద్ద ముక్క ఇదే.

ఇంతకీ ఆ కంపెనీ ఏది? గణాంక కార్యాలయం చెప్పదు. 1993 నాటి గణాంకాల చట్టం ప్రకారం ఏ ఒక్క సంస్థ వివరాలూ బయటపెట్టకూడదు. అందుకని ప్రపంచంలోని ఆర్థికవేత్తలంతా వేలు ఆపిల్ వైపు చూపిస్తుంటే కార్యాలయం మాత్రం గంభీరంగా ఆకాశం వైపు చూసింది.

ఇదేదో నిన్న మొన్న పుట్టిన తెలివి అనుకుంటే పొరపాటు. ఎగుమతుల లాభానికి పన్ను మాఫీ అక్కడ 1956 నుంచీ ఉంది, 1959లో షానన్ విమానాశ్రయం చుట్టూ స్వేచ్ఛా వాణిజ్య మండలం పెట్టారు. మాఫీ ఉన్నచోట నిర్వచనం సాగడం సహజం. 1986లో ఐర్లండ్ సుప్రీంకోర్టు ముందు ఒక ప్రశ్న నిలబడింది: పచ్చి అరటి గెలలు దిగుమతి చేసుకుని, ప్రత్యేకంగా కట్టిన గదుల్లో ఇథిలీన్ వాయువు పట్టి మగ్గబెట్టి అమ్మడం వస్తువు తయారీ అవుతుందా? అవుతుందని కోర్టు తేల్చింది. గడ్డిఅన్నారంలో మామిడికాయలు మగ్గబెట్టినవాళ్ళు తాము పారిశ్రామికవేత్తలమని తెలియక ఇన్నాళ్ళూ తనిఖీ అధికారులకి భయపడుతూ బతికారు.

26 శాతం దెబ్బకి గణాంకులకే తల తిరిగింది. అప్పటి ఐర్లండ్ కేంద్ర బ్యాంకు గవర్నర్ ఫిలిప్ లేన్ అధ్యక్షతన ఒక బృందం కూర్చుని కొత్త కొలబద్ద కనిపెట్టింది. దాని పేరు జీఎన్‌ఐ స్టార్. జీఎన్‌ఐ అంటే స్థూల జాతీయ ఆదాయం. పక్కన నిజంగానే ఒక నక్షత్రం గుర్తు ఉంటుంది, చీరల దుకాణం ప్రకటనలో షరతులు వర్తిస్తాయి అన్నచోట ఉండే లాంటిదే. విదేశీ కంపెనీల హక్కుల అరుగుదల, అద్దెకిచ్చిన విమానాల అరుగుదల, కేవలం ప్రధాన కార్యాలయం చిరునామా మార్చుకుని వచ్చిన కంపెనీల లాభం, ఇవన్నీ తీసేస్తే మిగిలేది ఈ నక్షత్రపు ఆదాయం. ఈమధ్య లెక్కల్లో అది జీడీపీలో సగానికి కాస్త ఎక్కువ. మిగతాది ఎవరిదో దేవుడికీ, ఆడిటర్లకీ తెలియాలి. అయితే యూరోపియన్ యూనియన్‌కి కట్టే చందాలో పెద్ద భాగం నక్షత్రం లేని ఆదాయం మీద లెక్క వేస్తారు. కాగితం మీద ధనవంతుడైన పాపానికి ఆ చందా నిజం డబ్బుతో కట్టాలి.

విమానాల మాట వచ్చింది కాబట్టి ఒక్క ముక్క. 1975లో షానన్‌లో మొదలైన ఒక కంపెనీ నుంచి పుట్టిన వ్యాపారం అది. ఇవాళ ప్రపంచంలో అద్దెకి తిరిగే విమానాల్లో పెద్ద వాటా ఐరిష్ కంపెనీల పేరు మీద ఉంది. శంషాబాద్‌లో మీరెక్కే విమానం యజమాని ఐర్లండ్‌లో కాగితం మీద ఒక పుటకి మించని సంస్థ అయి ఉండే అవకాశం లేకపోలేదు.

అలాగని ఐర్లండ్‌లో అసలు ఫ్యాక్టరీలే లేవంటే అబద్ధం. ఉన్నాయి, మంచివే ఉన్నాయి. లీక్స్‌లిప్‌లో ఇంటెల్ 1989 నుంచీ ఉంది, 2023లో అక్కడే సరికొత్త చిప్ ఫ్యాక్టరీ తెరిచింది. గాల్వేలో గుండె రక్తనాళాల్లో పెట్టే స్టెంట్లు, కాథెటర్లు తయారవుతాయి. కార్క్ పక్కన రింగస్కిడీలో మందుల రియాక్టర్లు నడుస్తాయి. చిక్కల్లా ఏమిటంటే, ఉన్న నిజమైన పరిశ్రమ కూడా బరువు లేనిదే. వెస్ట్‌పోర్ట్ అనే చిన్న ఊళ్ళో ప్రపంచానికంతటికీ బొటాక్స్ చేస్తారు. వంద యూనిట్ల సీసాలో ఏముంటుందో చూడండి: మనిషి రక్తంలోని ఆల్బుమిన్ అర మిల్లీగ్రాము, ఉప్పు 0.9 మిల్లీగ్రాము. అసలు సరుకు కొన్ని నానోగ్రాములు. అంటే సీసాలో ఉప్పే బొటాక్స్ కన్నా లక్ష రెట్లకు పైన ఉంటుంది. ముడతలు పోగొట్టే ఈ పరిశ్రమకి గూడ్సు రైలు అక్కర్లేదు.

మన ఇళ్ళలో పెద్దవాళ్ళు రాత్రి భోజనం చేశాక వేసుకునే కొలెస్ట్రాల్ మాత్ర ఉంది కదా, అటోర్వాస్టాటిన్. దాన్ని ఫైజర్ లిపిటార్ పేరుతో అమ్మేది, మూల రసాయనం కార్క్ ప్రాంతంలో చేసేది. పది మిల్లీగ్రాముల మాత్రలైతే ఒక కిలో పొడికి లక్ష మాత్రలు. మాత్రకి ఒక్క డాలరు చొప్పున లాభం ఐర్లండ్ పద్దులో వేసుకున్నా కిలో పొడి లక్ష డాలర్లు. 2011 నవంబర్‌లో అమెరికాలో పేటెంట్ గడువు తీరింది. రియాక్టర్లో ఏమీ మారలేదు. అవే పీపాలు, అదే ఉష్ణోగ్రత, అదే షిఫ్టు. ధర పోయి కిలో మాత్రం కిలోగానే మిగిలిపోయింది. 2012, 2013లో ఐర్లండ్ మందుల ఎగుమతులు పడిపోయాయి, పరిశ్రమ కుంగిపోతోందని విశ్లేషణలు వచ్చాయి. అదే పొడి హైదరాబాద్ చుట్టుపక్కల కూడా తయారవుతుంది, దాన్ని మనవాళ్ళు కిలోల్లోనే లెక్కపెట్టి, కిలోల ధరకే అమ్ముతారు. ఇంత అమాయకత్వం పనికిరాదు.

గణాంక కార్యాలయం పరిశ్రమని రెండు ముక్కలు చేసి చూపిస్తుంది, ఆధునికం అని ఒకటి, సంప్రదాయం అని ఇంకొకటి. మొదటిదాంట్లో మందులూ చిప్పులూ. రెండోదాంట్లో వెన్న, మాంసం, చెక్క, మనుషులు. ఈ రెండోదాని గురించి ఎక్కువ చెప్పుకోవడం మర్యాద కాదు. కార్క్‌లో 1917లో వచ్చిన ఫోర్డ్ ఫ్యాక్టరీ 1984లో మూతపడింది. యూరోపియన్ యూనియన్ చక్కెరకి ఇచ్చే హామీ ధర 36 శాతం తగ్గించి, కోటా వదులుకుంటే పరిహారం ఇస్తామనేసరికి, మాలో అనే ఊళ్ళో ఉన్న ఆఖరి చక్కెర ఫ్యాక్టరీ 2006లో ఆగిపోయింది. బోధన్ వాళ్ళకి ఈ కథ విడమరచి చెప్పక్కర్లేదు. ఇప్పుడు ఐర్లండ్‌లో చక్కెర తయారు కాదు గానీ, బలీనాలోనూ లిటిల్ ఐలండ్‌లోనూ కోలా కంపెనీల చిక్కటి సారం తయారవుతుంది. నీళ్ళూ పంచదారా గ్యాసూ సీసా అన్నీ ఏ దేశానికి ఆ దేశంలో కలుపుకుంటారు. బరువున్నవన్నీ బయటివాళ్ళకి, మిగిలింది ఐర్లండ్‌కి. వాటర్‌ఫర్డ్ గాజు కంపెనీ 2009 జనవరిలో చితికిపోయింది, కార్మికులు లోపల బైఠాయించారు. ఇప్పుడు ఊరి నడిబొడ్డున ఒక కొలిమి ఉంది. టికెట్ కొనుక్కుంటే గాజు ఊదడం చూపిస్తారు.

డబ్బు వద్దు మొర్రో అని కోర్టుకెక్కిన ప్రభుత్వాన్ని ఎక్కడైనా చూశారా? 2016 ఆగస్టులో యూరోపియన్ కమిషన్, ఆపిల్ నుంచి 13 బిలియన్ యూరోల పన్ను బకాయి వసూలు చేసుకోమని ఐర్లండ్‌ని ఆదేశించింది. ఆపిల్ అనుబంధ సంస్థ ఒకటి 2014లో యూరప్ లాభాల మీద కట్టిన పన్ను 0.005 శాతం అని కమిషన్ లెక్క తేల్చింది. అంటే పది లక్షల లాభానికి యాభై. ఐర్లండ్ ఆపిల్‌తో కలిసి, ఆ డబ్బు మాకొద్దని ఎనిమిదేళ్ళు పోరాడింది. 2020లో గెలిచింది కూడా. పాపం, 2024 సెప్టెంబర్ 10న యూరోపియన్ కోర్టు తుది తీర్పులో ఓడిపోయి, డబ్బు తీసుకోక తప్పలేదు.

తమాషా పక్కన పెడితే ప్రమాదం ఇక్కడే ఉంది. వ్యాపార పన్ను రాబడి 2014లో 4.6 బిలియన్ యూరోలు. 2024లో, ఆపిల్ బకాయి కలపకుండానే, 28 బిలియన్లు. అందులో సగానికి పైగా కట్టేది పది కంపెనీలు. దేశ బడ్జెట్‌ని పది బోర్డు మీటింగుల్లో ఎవరైనా మార్చేయొచ్చు, అందులో ఒక్కటీ డబ్లిన్‌లో జరగనక్కర్లేదు. పెద్ద కంపెనీలకి 2024 నుంచి పన్ను 15 శాతం అయింది, ఎవరూ ఇంకా మూటముల్లె సర్దుకోలేదు. కానీ ట్రంప్ సుంకాల భయం వచ్చినప్పుడు చూశాం. 2025 మొదటి మూడు నెలల్లో మందుల కంపెనీలు గోదాములు ఖాళీ చేసి సరుకు ముందే అమెరికాకి తోసేశాయి. ఐర్లండ్ జీడీపీ ఆ మూడు నెలల్లో 3.2 శాతం పెరిగిందని ఏప్రిల్‌లో చెప్పారు, జూన్‌లో సరిచేసి 9.7 అన్నారు. ఆ ఒక్క సవరణతో యూరో వాడే దేశాలన్నిటి ఉమ్మడి వృద్ధి 0.3 నుంచి 0.6కి ఎగిసింది. జర్మనీలో లేత్ మిషన్ల ముందు నిలబడ్డవాళ్ళకి తమ ఖండం రెట్టింపు వేగంతో నడుస్తోందని అలా తెలిసింది.

ఇంత సంపన్న దేశంలో ఇళ్ళ కొరత తీరడం లేదంటే కొందరికి ఆశ్చర్యం. ఇల్లు ఒప్పందం మీద చైనాలో బిగించి లాస్ ఏంజిలిస్‌లో దించే వస్తువు కాదు కదా, దానికి తాపీమేస్త్రీ కావాలి. ప్రభుత్వం తానే స్వయంగా ఏదైనా కట్టిస్తే ఎలా ఉంటుందో 2024లో తెలిసింది. డబ్లిన్‌లో పార్లమెంటు భవనం ఆవరణలో ఒక సైకిల్ షెడ్డు లేచింది. 18 స్టాండ్లు, 36 సైకిళ్ళు పడతాయి, ఖర్చు సుమారు 3,36,000 యూరోలు. పక్కలు తెరిచి ఉండడంతో వాన జల్లు లోపలికే కొడుతుంది. యాజమాన్యం ఎవరిదన్న అనుమానం లేదు, సరుకు సరిహద్దు దాటలేదు, పేటెంట్ లేదు, అరుగుదల రేకుకీ ఇనుముకీ మాత్రమే. గణాంక కార్యాలయం ఏ నక్షత్రమూ పెట్టకుండా దీన్ని లెక్కలో వేసుకోవచ్చు.