స్కాంపి గారికి, ఉరఫ్ నీలకంఠ రొయ్య గారికి

మహారాజరాజశ్రీ స్కాంపి గారి సముఖమునకు,

గౌతమి పక్కన ఒక లంక నుంచి రాస్తున్నాను. ఇక్కడ మేమంతా క్షేమం. మీ క్షేమం అడగడం బాగుండదు. పోయిన నెల హైదరాబాదులో మిమ్మల్ని తిన్నది నేనే.

మా అబ్బాయి మొదటి జీతం అందుకుని నన్నొక పెద్ద హోటలుకు తీసుకువెళ్లాడు. పట్టికలో 'లాబ్‌స్టర్' అని ఉంది, ఎదురుగా 1,800 అని ఉంది. "సముద్రంలో దొరికేది నాన్నా, నువ్వెప్పుడూ తిని ఉండవు" అన్నాడు. వడ్డించే కుర్రవాడు మూత తీశాడు. ముక్కు మీద అదే రంపం, పళ్లేనికి రెండు పక్కలా చాచిన అవే పొడుగాటి చేతులు. నిలువునా చీల్చినా, నెత్తిన వెన్న పోసినా, గుర్తుపట్టలేకపోవడానికి మీరు నాకు కొత్తా? పేరు పెట్టి పలకరించబోయి ఆగాను. గొప్పింట్లో పాత చుట్టం కనిపించినప్పుడు తెలియనట్టు ఉండటమే మర్యాద కదా.

మా వైపు మీరు నీలకంఠ రొయ్య. నిజానికి ఆ నీలం కంఠంలో కంటే డెక్కల్లోనే ఎక్కువ. అయినా శివుడి పేరు కాబట్టి ఎవరూ దిద్దలేదు. అంత చక్కటి పేరు ఉండగా ఈ 'స్కాంపి' ఏమిటి? ఆరా తీస్తే తేలింది: అది ఇటలీ వాళ్ల మాట. ఐరోపా ఉత్తరాన చల్లటి సముద్రంలో, బురదలో బొరియలు తవ్వుకుని బతికే నార్వే లాబ్‌స్టర్ అనే నారింజ రంగు జీవి పేరు. గుడ్లు మోస్తున్న ఆడవి నెలల తరబడి బొరియ దాటి రావు. అందుకే చలికాలంలో స్కాట్లాండ్ వేటగాళ్లకు ఎక్కువగా మగవే చిక్కుతాయి. ఆ సంసారి పేరు తగిలించుకుని మీరు ఇక్కడ తిరుగుతున్నారు. ఇంకో వింత వినండి. డబ్లిన్‌లో ఆ అసలు లాబ్‌స్టర్‌ను 'ప్రాన్' అంటారట, అంటే రొయ్య! అక్కడ లాబ్‌స్టర్ రొయ్య అయింది, ఇక్కడ రొయ్య లాబ్‌స్టర్ అయింది. బిల్లు మాత్రం రెండు చోట్లా తినేవాడిదే.

కులగోత్రాల దగ్గర మీకు అన్యాయం చేయను. చెరువుల్లో పెంచే టైగర్, వనామీ రొయ్యలు గుడ్లను నీళ్లలో వదిలేసి తమ దారిన తాము పోతాయి. మీ ఇంటి ఆడవాళ్లు గుడ్లను పొట్ట కింద మోసుకుని తిరుగుతారు, లాబ్‌స్టర్లలాగే. శాస్త్రం ప్రకారం మీరు టైగర్‌ కంటే లాబ్‌స్టర్‌కే దగ్గరి బంధువు. కానీ బంధువైనంత మాత్రాన ఆ ఇంటి పేరు రాదు. లాబ్‌స్టర్‌కు పెద్ద డెక్కలు మొదటి జత కాళ్లకు ఉంటాయి, మీకు రెండో జతకు. హోటలు వాళ్లు కాళ్లు లెక్కపెట్టరు లెండి. మీసాలు చూసి మోసపోదామా అంటే, రొయ్యకు లేదా బారెడు మీసం అని మా పెద్దలు ముందే చెప్పి పెట్టారు.

ఇక మీ సంఘం సంగతి. చెరువులో మీ మగవాళ్లలో మూడు అంతస్తులట: పొట్టివాళ్లు, నారింజ డెక్కల వాళ్లు, నీలం డెక్కల వాళ్లు. నీలం డెక్కలాయన ఎదగడం దాదాపు మానేసి, చోటునూ ఆడవాళ్లనూ కాపలా కాస్తూ కూర్చుంటాడు. ఆయన బతికి ఉన్నంతకాలం కింది వాడికి ఎదుగూబొదుగూ ఉండదు. ఆయనను వలలో ఎత్తి తీసేస్తే చాలు, మిగిలినవాళ్లు ఒక్కసారిగా పెరగడం మొదలుపెడతారు. అందుకే తెలిసిన రైతు ముందు పెద్దవాటినే పడతాడు. నేను ముప్పై ఏళ్లు ఒక ఆఫీసులో గుమస్తాగా పనిచేశాను. ఇది చదివినప్పుడు నాకెందుకో కళ్లు చెమర్చాయి.

మీరు పుట్టే తీరు కూడా విడ్డూరమే. కాపురం మంచినీటిలో, పురుడు ఉప్పు కలిసిన మొగ నీటిలో. పిల్లలు తలకిందులుగా, తోక ముందుకు పెట్టి ఈదుతాయి. ఉప్పదనం లేకపోతే బతకవు. ఈ సంగతి 1960ల తొలినాళ్లలో మలయాలో లింగ్ అనే శాస్త్రవేత్త పట్టుకున్న తర్వాతే మీ పిల్లలను పుట్టించి పెంచే హేచరీలు వచ్చాయి. ఏటిలో పుట్టిన మీ పిల్లలైతే కాస్త పెద్దయ్యాక ప్రవాహానికి ఎదురెక్కి పైకి రావాలి. వస్తే దారికి అడ్డంగా ధవళేశ్వరం. 1852లో కాటన్ దొర పూర్తి చేసిన ఆనకట్ట మాకు అన్నం పెట్టింది, ఊరూరా ఆయన విగ్రహానికి దండ వేస్తాం. మీ పిల్లల దారి సంగతి ఆ దండల మధ్య ఎవరికీ గుర్తు రాలేదు.

1990లలో తెల్లమచ్చ తెగులు టైగర్‌ను ఊడ్చేసినప్పుడు, అప్పుల్లో ఉన్న రైతులకు మీరు దేవుడిలా కనిపించారు. స్కాంపి అన్న పేరు మా లంకల్లో మారుమోగింది అప్పుడే. కొన్నేళ్లకు మీ పిల్లలకూ తోక తెల్లబడే జబ్బు వచ్చింది. 2009లో వనామీకి అనుమతి దొరికింది, చెరువులు అటు తిరిగాయి. దేవుడి గుడి మూతపడింది.

మిమ్మల్ని ఇప్పటికీ ఏటిలోనే వెతికేది మా అన్నయ్య లాంటి వాళ్లు. తెల్లవారకముందే దోనె, విసురు వల. పడితే నాలుగు, పడకపోతే బురద. మా వదిన గంపలో పెట్టుకుని రేవు దగ్గర అమ్ముతుంది. ఆమె నోట 'స్కాంపి' అన్న మాట రాదు, 'లాబ్‌స్టర్' అసలే రాదు. "నీలకంఠం, పెద్దవి, చూసుకోండి" అంటుంది. పేరు మారిన చోటల్లా ధర పెరుగుతూ పోయింది. ఆ పెరిగినదంతా ఎవరికి చేరిందని అడిగితే ఒకరినొకరు చూపిస్తారు. అందరూ శ్రీవైష్ణవులే, బుట్టలో రొయ్యలన్నీ మాయం.

హోటలు సంగతంతా ఊరు వచ్చి అన్నయ్యకు చెప్పాను. 1,800 అన్నప్పుడు కూడా ఆయన వల కుట్టడం ఆపలేదు. వెన్న అన్నాను, చీల్చి కాల్చారు అన్నాను, తల డొల్లను శుభ్రంగా కడిగి అలంకారంగా పెట్టారు అన్నాను. అప్పుడు ఆపాడు. మీలో సగానికి పైగా బరువు తలే, రుచంతా ఆ తలలోని ఎర్రటి గుజ్జులోనే ఉంటుందని తెలిసిన మనిషి.

"కడిగేశారా?" అన్నాడు. కాసేపాగి, "మరి పులుసు దేనితో పెట్టారు?" అని అడిగాడు.

ఇట్లు,
మీ పాత పరిచయస్తుడు