మీ పరిధిలో వైపరీత్యాలు: సున్న

ప్రతి నెల ఒకటో తేదీన ఒక సంస్థ నుంచి నాకు నివేదిక అందుతుంది. కాలగమనంలో తలెత్తే వైపరీత్యాలను రేయింబవళ్ళు కనిపెట్టి ఉండడం ఆ సంస్థ వృత్తి. పేరు చెప్పి దానికి ఉచిత ప్రచారం చేసిపెట్టే ఉద్దేశం నాకు లేదు. ఎలాగూ మీకూ అటువంటి నివేదిక ఒకటి వస్తూనే ఉండి ఉంటుంది. అందులో ఉండేది ఒకే వాక్యం: "గత నెలలో మీ పరిధిలో నమోదైన కాల వైపరీత్యాలు: సున్న." దాని కింద నేను చెల్లించవలసిన చందా. ఈ నెల ఆ చందా పెరిగింది. సున్నను సున్నగా నిలబెట్టడానికి అయ్యే ఖర్చు పెరిగిందని కింద చిన్న అక్షరాలలో వివరణ ఇచ్చారు.

ఇంతకంటే పటిష్ఠమైన వ్యాపారాన్ని నేనెరుగను. ఏమీ జరగకపోతే అది వారి ప్రతిభ. ఒకవేళ జరిగి, రేపటి తరువాత నిన్న వచ్చిందే అనుకోండి, ఫిర్యాదు చేసుకునే గడువు మొన్ననే ముగిసిపోయి ఉంటుంది.

అయితే వారు చరిత్ర చదవలేదని నిందించడం అన్యాయం. 1582 అక్టోబరు 4 గురువారం రాత్రి నిద్రపోయిన రోము ప్రజలు 15వ తేదీ శుక్రవారం నాడు మేల్కొన్నారని, నడుమ పది రోజులు గల్లంతయ్యాయని, ఆనాడు తమ సంస్థ లేకపోవడమే అందుకు కారణమని వారి కరపత్రం వాపోతుంది. ఏడాదికి పదకొండు నిమిషాల చొప్పున పాత క్యాలెండరులో పేరుకుపోయిన తప్పును పోపు గ్రెగరీ సరిదిద్దాడన్న సంగతి అందులో లేదు. అలాగే, మందకొడిగా తిరిగే భూమికి అణుగడియారాలను జత కలపడానికి 1972 నుంచి 27 లీపు సెకన్లు చేర్చారు. చివరిది 2016 డిసెంబరు 31న. ఆ తరువాత ఒక్కటీ అవసరం కాలేదు. ఆ ఘనత కూడా కరపత్రంలో వారి ఖాతాలోనే పడింది. 2035 నాటికల్లా ఈ లీపు సెకన్ల పద్ధతికి స్వస్తి చెప్పాలని 2022లో తూనికలు, కొలతల అంతర్జాతీయ మహాసభ నిర్ణయించింది గదా, ఇక మీకు పనేమిటని అడిగేవారికి జవాబు సిద్ధంగా ఉంది: అప్పుడు పర్యవేక్షణ మరింత కీలకమవుతుందట.

చందా ఎందుకు పెరిగిందో అడుగుదామని వారి సహాయ కేంద్రానికి ఫోన్ చేశాను. నా సమయం తమకు ఎంతో విలువైనదని ఒక యంత్రం నాకు నలభై ఏడు నిమిషాల పాటు చెప్పింది. చివరికి ఒక మనిషి పలికాడు.

"సార్, మీరు ఇప్పుడే లైనులోకి వచ్చినట్టు మా దగ్గర నమోదైంది."

"నలభై ఏడు నిమిషాలుగా ఎదురుచూస్తున్నానండీ."

"మా గడియారం సీజియం పరమాణువుది సార్. 9,19,26,31,770 కంపనాలైతేనే దానికి ఒక సెకను. దానికి కనబడని నలభై ఏడు నిమిషాలు మీకెలా కనబడ్డాయి?"

"మీ యంత్రం పాడిన పాట నాకు కంఠస్థమైంది. పాడమంటారా?"

"వద్దు సార్. ఎదురుచూసినంత సేపు మీరు విమానంలో ఉన్నారా?"

"ఇంట్లో ఉన్నాను."

"1971లో శాస్త్రవేత్తలు హాఫెలె, కీటింగ్ గార్లు అణుగడియారాలను విమానాలలో ప్రపంచమంతా తిప్పితే, తూర్పుకు వెళ్ళినవి 59 నానోసెకన్లు వెనుకబడ్డాయి, పడమటికి వెళ్ళినవి 273 నానోసెకన్లు ముందుకుపోయాయి. మీ కుర్చీ ఏ దిక్కుకు ఉంది సార్?"

సిగ్గు విడిచి చెబుతున్నాను, నేను లేచి కిటికీలోంచి సూర్యుడెటు ఉన్నాడో చూసి వచ్చాను. పడమర అన్నాను. "అయితే మీరు మాకంటే ముందున్నారు సార్, మేమే మిమ్మల్ని అందుకోవాలి," అని, అందుకునే వరకు లైనులో ఉండమని చెప్పి, ఆ పాట మళ్ళీ పెట్టాడు.

ఇంతవరకు నవ్వుకోవచ్చు. కాని ఆ సంస్థ బతుకుతున్నది నా బోటి చందాదారుల మీద కాదు. దాని పెద్ద ఖాతాదారులు యజమానులు. దాని అసలు సరుకు, కార్యాలయాల, గిడ్డంగుల గుమ్మాల దగ్గర బిగించే యంత్రం. ఉద్యోగి రెండు నిమిషాలు ఆలస్యంగా వస్తే అది కాల వైపరీత్యం. సగం రోజు జీతం పోతుంది. అదే ఉద్యోగిని పని ముగిశాక మరో మూడు గంటలు కూర్చోబెట్టుకుంటే యంత్రం నోరెత్తదు. దారి చూపే జీపీఎస్ ఉపగ్రహంలోని గడియారం భూమి మీది దానికంటే రోజుకు 38 మైక్రోసెకన్లు వేగంగా నడుస్తుందని తెలిసి, ఎగరకముందే దాన్ని సరిచేసి పంపే లోకంలో, ఒక మనిషి బతుకులోంచి రోజుకు మూడు గంటలు ఊడిపోతుంటే పసిగట్టే పరికరం లేదట! లేకేం, ఉంది. ఆ దిక్కు చూడకుండా దాన్ని తయారుచేశారు. అది సాంకేతిక లోపం కాదు, దొంగతనం. పైగా దొంగకు రశీదు రాసిచ్చే పనిని శాస్త్రమని పిలుస్తున్నారు. బిడ్డ నిద్రపోయాక ఇల్లు చేరే తల్లికి ఏ సీజియం పరమాణువు లెక్క అప్పజెబుతుంది?

ఫోన్ సంగతి చెప్పడం మరిచాను. పాట మూడోసారి మొదలయ్యేసరికి నేనే పెట్టేశాను. మరునాడు అనుబంధ నివేదిక వచ్చింది: "మీ పరిధిలో నమోదైన కాల వైపరీత్యాలు: ఒకటి. వ్యవధి: 47 నిమిషాలు. కారకులు: చందాదారు." దాని కింద, పరిశోధన రుసుము.